మా రోజుల్లో పెరుగు గట్టిగా ఉండేది

ఒరే అబ్బాయ్, ఆ ఫోను కాస్త కింద పెట్టి విను. వినకపోయినా చెబుతాననుకో, అది వేరే సంగతి. డెబ్బై ఎనిమిదేళ్ళొచ్చాక మనిషి ఒంట్లో విసుగూ విరామం లేకుండా పనిచేసేది నోరొక్కటే.

ఈ పూట నా గొడవ పెరుగు గురించి. ప్యాకెట్టు కత్తిరించి గిన్నెలో పోస్తే జారిపోయి గిన్నెకి ఆ వారన నిలబడుతోంది. దీన్ని పెరుగంటారా? మా రోజుల్లో దాలిలో పిడకల సెగ మీద పొద్దుట పెట్టిన పాలు సాయంత్రం దాకా కాగేవి. పైన ఎర్రగా, అట్టు మందాన మీగడ. తోడు పెట్టిన చట్టి బోర్లించినా పెరుగు కదిలేది కాదు. (ఒకసారి నేనూ మా తమ్ముడూ పందెం వేసుకుని నిజంగానే బోర్లించాం. కదిలింది. తర్వాత వీపులు విమానం మోత మోగాయి.)

పెరుగు గట్టిపడాలంటే గేదె మంచిదైతే చాలదురా. వెనకాల ఇల్లు గట్టిగా ఉండాలి. కోనసీమలో మాది మండువా లోగిలి. పెదనాన్న, నాన్న, బాబాయి, వాళ్ళ పెళ్ళాలు, పిల్లలు, మేనత్త, నాన్నమ్మ, ఎవరి తరఫు చుట్టమో ఇప్పటికీ తేలని ఒక ముసలాయన, వెరసి ఇరవైముగ్గురం. రాత్రి సావిట్లో పిల్లలందరికీ వరసగా చాపలు పరిచేవారు. ఎవడు ఎవడి కొడుకో చీకట్లో మా అమ్మలకే తెలిసేది కాదు. ఒకడికి జ్వరమొస్తే నలుగురి ఒళ్ళు సిద్ధం. ఇప్పుడో? మీ ఫ్లాట్లో పిల్లాడు తుమ్మితే ఆఫీసుకి సెలవెవరు పెట్టాలని మొగుడూ పెళ్ళాం రాత్రి పన్నెండింటి దాకా పంచాయితీ.

మా బాబాయి సంగతి చెప్పాలి. ఎస్సెల్సీ నాలుగుసార్లు తప్పాడు. అయిదోసారి ఫీజు కట్టడానికి అమలాపురం వెళ్ళి, ఆ డబ్బు పేకాటలో పెట్టి, పడవ దాటడానికి అణా లేక రేవులోనే పడుకుని మర్నాడు వచ్చాడు. జీవితంలో పైసా సంపాదించలేదు. అయినా ఆయన పిల్లలు తిన్న కంచంలోనూ మేం తిన్న కంచంలోనూ ఒకటే కూర. దసరాకి ఒకే తాను లోంచి అందరికీ చొక్కాలు. ఒక్కడి చేతగానితనం అతని పిల్లల నెత్తిన పడకుండా ఇల్లు మొత్తం కాసుకునేది. ఆ బాబాయి మనవడు ఇప్పుడు కాకినాడలో బట్టల కొట్లో చేస్తున్నాడు. నా మనవడు డాలస్‌లో. ఇద్దరూ మా తాత వంశంవాళ్ళే. ఒకడి నెల అద్దె రెండోవాడి ఏడాది జీతం. ఒకడి పేరు రెండోవాడికి తెలీదు. వేరుపడితే పోయేది ప్రేమలని మీ సినిమాల్లో ఏడుస్తారు గానీ, ప్రేమదేముంది, ఉత్తరం ముక్కలో కూడా పట్టేది. పోయింది ఆ కూర.

పెళ్ళిళ్ళు చూడు. మా రోజుల్లో ఇద్దరన్నదమ్ములు బాగుపడి ఒక అక్క చితికిపోతే, ఆ అక్క కూతుర్ని తెచ్చి కోడలిగా చేసుకునేవాళ్ళు. మేనరికం. ఆ ముడితో లేని ఇల్లు ఉన్న ఇంటిని పట్టుకుని వేలాడేది. తాలూకాఫీసు గుమాస్తా అయిదో క్లాసు చదివిన పిల్లని చేసుకునేవాడు, ఒక జీతం ఎనిమిది కంచాల్లోకి పోయేది. ఇప్పుడు పేరయ్యకి బదులు కంప్యూటరు. ప్యాకేజీకి ప్యాకేజీ, వీసాకి వీసా, డాక్టరుకి డాక్టరు. రెండు పెద్ద జీతాలు కలిసి ఒకే కొంపలో పడతాయి, అవతల రెండు రోజుకూలీలు కలిసి ఇంకో కొంపలో పడతాయి. ఈ కొంపకీ ఆ కొంపకీ మధ్య మేనత్త లేదు, మేనమామ లేదు, రాకపోకలు లేవు. మేనరికాలతో పొలం బయటికి పోకుండా ఉండేదన్నదే అసలు కారణమనీ, పుట్టిన పిల్లలకి అవకరాలు వచ్చేవనీ మా డాక్టరు మనవరాలు అంటుంది. ఆ పిల్లకి అన్నీ తెలుసు. మేనబావ ఎవడో మాత్రం తెలీదు.

మేనత్తలెక్కడినుంచి వస్తార్లే ఈ కాలంలో! ఇంటికి ఒక్కడేగా. ముగ్గురు పిల్లలుంటే సర్పంచి పదవికి నిలబడకూడదని 1994లో చట్టం చేశారు. చెప్పిన మాట ఎప్పుడూ వినని జనం, ఆ ఒక్క మాటా విన్నారు. మొన్నటి లెక్కల్లో ఆంధ్రాలో ఆడమనిషికి సగటున 1.7 మంది పిల్లలు. ఆ ముప్పాతిక పిల్లాడు నాకెక్కడా కనపడలేదు, లెక్కల్లోనే తిరుగుతూ ఉంటాడు కాబోలు. 2024లో అదే చట్టం ఎత్తేసి, బాబ్బాబు, కనండయ్యా అంటున్నారు. మా నాన్నమ్మని అడిగితే ఫీజు లేకుండా చెప్పేది.

ఈ ధోరణిలోనే మొన్న రాత్రి భోజనం దగ్గర మాట్లాడుతున్నాను. నన్ను కనిపెట్టుకుని ఉండడానికి మా అబ్బాయి ఒకమ్మాయిని పెట్టాడులే. నెలకి పద్దెనిమిది వేలు, తిండి మనదే. ఆ పిల్ల గరిటె పట్టుకుని అంతా విని, "మరి మీ ఇరవైముగ్గురికీ వంటెవరు చేసేవారు తాతగారూ?" అంది.

ఎంత మాట! ఎవరు చేసేవారేంటి, ఇంట్లో ఆడవాళ్ళు లేరూ అన్నాను. అనేసి చెయ్యి కడుక్కున్నాను గానీ, ఆ రాత్రి నిద్ర పట్టలేదు. నాకు నిద్ర పట్టకపోవడం పెద్ద విశేషమేం కాదు, మధ్యాహ్నం మూడు గంటలు పడుకుంటాను. అయినా చెబుతున్నాను.

వంట మా మేనత్తది. దాలిలో పాలు పెట్టేదీ, మీగడ తీసేదీ, తోడు వేసేదీ ఆవిడే. పదమూడో ఏట మొగుడు పోయి పుట్టింటికి వచ్చింది. రాజమండ్రిలో వీరేశలింగం పంతులుగారు మొదటి వితంతు వివాహం చేయించింది 1881లో. అక్కణ్ణించి మా ఊరు నలభై మైళ్ళు. గోదావరి నీళ్ళు కాలవల్లో పడి మా చేలకి రెండు రోజుల్లో వచ్చేవి, ఆ సంగతి మాత్రం యాభై ఏళ్ళయినా మా గుమ్మం దాకా రాలేదు. ఆవిడ తెల్లచీరతో తెల్లారకముందే లేచేది, అందరి తర్వాతా తినేది. ఆ గట్టి పెరుగు ఆవిడ తినగా నేను చూడలేదు. అడుగున మిగిలిన మజ్జిగ పోసుకునేది. "నాకు పెరుగు పడదురా" అనేది. నమ్మాం. నలభై ఏళ్ళు నమ్మాం.

మా తాత 1952లో పోయాడు. తండ్రి ఆస్తిలో కూతురికీ వాటా ఉందని చట్టం వచ్చింది 1956లో. నాలుగేళ్ళు ఓపిక పట్టి పోయినా ఆవిడకి కొంత భూమి మిగిలేది. మా తాతకి అన్నిటికీ తొందరే.

భూమంటే గుర్తొచ్చింది. ఉమ్మడి కుటుంబం మన సంస్కృతి, వేరు కుంపట్లు తెల్లవాడి జబ్బు అని మా పెదనాన్న రామకోవెల అరుగు మీద కూర్చుని గంటలకొద్దీ చెప్పేవాడు. ఇంతలో భూసంస్కరణల చట్టం వచ్చింది. 1973లో చేశారు, 1975 జనవరి 1 నుంచి అమలు. రెండు పంటల మాగాణి అయితే కుటుంబానికి 10 నుంచి 18 ఎకరాలు, భూమి తరగతిని బట్టి. మేజరైన కొడుకు ఉంటే వాడి పేరన ఇంకో వాటా. కూతురు మేజరైనా ఆ లెక్కలోకి రాదు. డిక్లరేషన్ రాయడానికి ప్లీడరు గుమాస్తా మా సావిట్లో దిగాడు. ఎంతమంది కుటుంబం అని అడిగితే, ఆ కోవెల అరుగు మీది పెదనాన్న గొంతు సవరించుకుని, "కుటుంబమేమిటండీ, ఈ ఇంట్లో ఏడు కుటుంబాలున్నాయి, ఎవరి బతుకు వారిదే" అన్నాడు. వంటింట్లోంచి మా అత్తయ్య పెట్టిన ఒకే గుండిగలో అన్నం తిని, ఆ ఏడు కుటుంబాలూ చెయ్యి కడుక్కుని, ఒకే గంధపు చెక్క బల్ల మీద వరసగా సంతకాలు పెట్టాయి. అందులో ఒక సంతకం నాది. కొన్నేళ్ళ తర్వాత బియ్యం కార్డు కోసం మాలపల్లెలో తల్లీకొడుకులు వేరుపడ్డామని రాయించుకుంటే, దేశం దొంగలపాలైందని అదే బల్ల దగ్గర కూర్చుని నేనన్నాను.

నిజంగా వేరుపడింది 1979లో, పెదనాన్న పోయాక. పెద్దమనుషులు కూర్చుని చీట్లు వేశారు. పొలం మూడు, కొబ్బరిచెట్లు మూడు, గేదెలు మూడు, ఇత్తడి సామాను తూచి మూడు. చివరికి మిగిలింది మేనత్త. ఆవిణ్ణి వంతులేశారు. నెలకొక ఇల్లు. ఒకటో తారీఖు పొద్దున్నే ఆవిడ రేకు ట్రంకుపెట్టె ఒక వసారాలోంచి ఇంకో వసారాలోకి మోసేది నేనే. ఆకుపచ్చ పెట్టె, మూత మీద గులాబీ పువ్వు బొమ్మ, ఒక పక్క చిలకకొక్కెం ఊడి పురికొస కట్టి ఉండేది. బరువుండేది కాదు. ముప్పై ఒకటో తారీఖు ఎవరి ఖాతా అని మా పిన్నికీ మా అమ్మకీ మాట పట్టింపు వచ్చేది. ఫిబ్రవరి వచ్చినవాళ్ళు కాస్త సంతోషించేవారు. ఆవకాయ రోజుల్లో మాత్రం మూడిళ్ళ వాళ్ళకీ ఆవిడే కావాలి. 1988లో మా వంతు నెలలో పోయింది.

ఎన్టీ రామారావు కూతుళ్ళకి ఉమ్మడి ఆస్తిలో కొడుకులతో సమానంగా వాటా అని చట్టం తెచ్చాడు. అది వర్తించేది 1985 సెప్టెంబరు 5 నుంచి. అప్పటికే పెళ్ళైపోయిన వాళ్ళకి లేదు. మా ఆఖరి చెల్లెలి పెళ్ళి ఆ ఏడాది మాఘమాసంలోనే చేశాం. పేపర్లో వార్త చదివి మా అమ్మ నా మొహం చూసింది, నేను మా అమ్మ మొహం చూశాను. ఇద్దరం ఏమీ అనలేదు. అమ్మయ్య అనుకోవడానికి మాటలెందుకు? తర్వాత 2005లో కేంద్రం వాళ్ళూ అలాంటి చట్టమే చేశారు. మా చెల్లెలు ఇప్పటికీ రాఖీ పంపిస్తుంది. కొరియరు ఖర్చు తనే పెట్టుకుంటుంది.

సరే, పెరుగు దగ్గరున్నాం కదూ. గేదెల్ని చూసేది మా పెద్దపాలేరు. మా నాన్న ఈడువాడు. అతను నన్ను "చిన్నబాబుగారూ, మీరు" అనేవాడు, పదేళ్ళవాణ్ణి నేను అతన్ని "ఒరే" అనేవాణ్ణి. పెద్దల్ని గౌరవించడం మీ తరానికి చేతకాదని ఎప్పుడూ అంటుంటాను చూడు, అక్కడ కొంచెం సర్దుకో. ఏడాది జీతం ధాన్యం రూపంలో, పండక్కి పంచె, రాత్రి పడక మా పశువుల పాకలో. అతని పెళ్ళాం, పిల్లలూ ఊరికి అవతల గుడిసెలో. మొగుడు ఒకచోట, పెళ్ళాం పిల్లలూ ఒకచోట. నువ్వు ఇంగ్లీషులో ఏదో అంటావే, న్యూక్లియర్ ఫ్యామిలీ అని, అది మాకు కొత్తగా వచ్చింది గానీ వాళ్ళకి ముందునుంచీ ఉంది. ఉమ్మడిగా ఉండాలంటే ఉమ్మడిగా ఏదో ఒకటి ఉండాలి కదా. వాళ్ళకున్న గుడిసెలో నలుగురు పడుకుంటే అయిదోవాడి కాళ్ళు బయట.

ఊడ్పుల రోజుల్లో చూసింది నాకు బాగా గుర్తు. చెరువు గట్టు మీద తుమ్మచెట్టు కొమ్మకి పాత చీర ఉయ్యాల కట్టి, అందులో ఆర్నెల్ల పిల్లాణ్ణి వేసి, పాలేరు పెళ్ళాం మా చేలో నాటేది. వాడు ఏడ్చి ఏడ్చి ఆగేవాడు. గట్టెక్కి పాలివ్వడానికి వరస పూర్తవ్వాలి, పక్కన మా నాన్న గొడుగేసుకుని నిలబడ్డాడు. అదే వేళకి మా ఇంట్లో ఒక పిల్లాడు కెవ్వుమంటే పెదమ్మా, పిన్నీ, అత్తయ్యా ముగ్గురూ పరిగెత్తేవాళ్ళు. నలుగురి ఒళ్ళు సిద్ధం అన్నానే, ఆ నాలుగూ ఖాళీగా ఉండడానికి చేలో ఎవరో వంగి ఉండాలి.

ఆ ఉయ్యాల్లో పిల్లాడు పెద్దై కొబ్బరి దింపుల్లో పడ్డాడు. మంచి పనివాడు. 1997లో చెట్టు మీంచి జారి నడుం విరగ్గొట్టుకున్నాడు. మా చెట్టే. ఎవరి చెట్టని అడుగు. పంపకాల్లో ఆ వరస సరిహద్దు మీద పడింది. నా వాటాలోది కాదని బాబాయి కొడుకు, నాదీ కాదని నేను, పెదనాన్న కొడుకైతే తనకసలు అటు పక్క చెట్లే లేవన్నాడు. కాయలు దింపినప్పుడు ఆ చెట్టుకి ముగ్గురు యజమానులు, మనిషి పడ్డప్పుడు ఒక్కడూ లేడు. చివరికి తలా అయిదొందలిచ్చాం. ఇరవైముగ్గురు ఒక్క కప్పు కింద ఉండుంటే ఇలా జరిగేది కాదని చాలాకాలం అనుకున్నాను. అప్పుడైతే అందరి తరఫునా ఒక్క అయిదొందలే ఇచ్చేవాళ్ళమేమో కూడా.

అతని పెళ్ళాం మరుసటేడు కువైట్ వెళ్ళింది. మా వైపు ఇళ్ళల్లో ఇది మామూలే. అమెరికా వెళ్ళేది మా పిల్లలు, కువైట్ వెళ్ళేది వాళ్ళ తల్లులు. ఇంటిపనికి వెళ్ళే ఆడమనిషికి ముప్పై ఏళ్ళు నిండాలని సర్కారు రూలొకటి పెట్టింది, భద్రతకని. ముప్పై నిండేసరికి ఆ తల్లికి పిల్లలు సరిగ్గా జడలేయించుకునే వయసులో ఉంటారు. ఈమెకి తొమ్మిదేళ్ళ కూతురు. అక్కడ వేరేవాళ్ళ పిల్లల్ని ఎత్తుకుని, ఇక్కడికి డబ్బు పంపి, పద్నాలుగేళ్ళకి తిరిగొచ్చింది. ఈలోగా ఆ పిల్లని నాయనమ్మ పెంచింది, అదే, మా చేలో నాటినావిడ.

ఆ పిల్లే ఇప్పుడు నా దగ్గరున్నది. తన పన్నెండేళ్ళ కొడుకుని తల్లి దగ్గర వదిలి నా బీపీ చూస్తోంది. కువైట్ నుంచి వచ్చిన ఆ తల్లి, కూతురికి వేయలేకపోయిన జడ బదులు మనవడికి తల దువ్వుతోంది. వాళ్ళింట్లో ఆడవాళ్ళు ఒక తరం ఆలస్యంగా తల్లులవుతారు.

నా సంగతీ చెప్పేస్తాను. మా ఆవిడ పోయాక మా అబ్బాయీ అమ్మాయీ చాలా మర్యాదగా మాట్లాడుకుని నన్ను ఆర్నెల్లు హైదరాబాదు, ఆర్నెల్లు డాలస్ అని ఏర్పాటు చేశారు. పెట్టె ఇరవైమూడు కిలోలు దాటకూడదన్నారు. మా ఇంట్లో మనుషులంతమంది. రెండేళ్ళు తిరిగాను. విమానాశ్రయంలో నా పెట్టె బెల్టు మీద వస్తుంటే, చక్రాలుంటే మాత్రం ఏమైందిలే, నాకు ఆకుపచ్చ రేకుపెట్టే కనపడింది. నేను మా ఊళ్ళోనే ఉంటానని భీష్మించాను. వంతులకి ఒప్పుకోనని చెప్పగలిగాను, నా పేర చేను ఉంది కాబట్టి. అందరూ చెప్పగలరా?

అంచేత ఒరే అబ్బాయ్, మా రోజులే మేలని నేనంటున్నానా? అంటున్నాను. అనక మానను. నువ్వు మాత్రం అన్నీ నమ్మకు, నమ్మనట్టూ ఉండకు, నాకు కోపమొస్తుంది.

రాత్రి తొమ్మిదయింది. వసారాలో ఆ చివర అరుగు మీద ఆ పిల్ల కొడుక్కి వీడియో కాల్ చేసింది. ఈ చివర పడక్కుర్చీలో నాకు డాలస్ నుంచి మా అబ్బాయి చేశాడు, అక్కడ పొద్దున్న. నా వైఫైయే ఇద్దరికీ, అందుకని బొమ్మలు ఆగి ఆగి వస్తున్నాయి. "అన్నం తిన్నావా?" అని ఆ పిల్ల ఆ ఫోన్లో, "అన్నం తిన్నావా నాన్నా?" అని మా వాడు ఈ ఫోన్లో, ఇంచుమించు ఒకేసారి. ఆ పిల్లాడూ నేనూ తిన్నామనే చెప్పాం.

ఫోన్లు పెట్టేశాక ఆ పిల్ల నా కంచం తెచ్చింది. నువ్వు కూడా కూర్చుని పెరుగేసుకోవే అన్నాను. "నాకు పడదు తాతగారూ" అంది.

గరిటె నేనే తీసుకుని ఒడ్డించాను. కంచం వారకి జారిపోయింది, అంత పల్చటి పెరుగు.